ఫ్రెంచ్ ప్రముఖుల మీద సెమినార్: ఒక్క బొమ్మతో మొదలుపెట్టించండి

మీరు అడిగింది క్లుప్తంగా ఇది. మీ అమ్మాయి డిగ్రీ మొదటి సంవత్సరంలో రెండో భాషగా ఫ్రెంచ్ తీసుకుంది. ఫ్రెంచ్ చరిత్రలో, కళల్లో, సైన్సులో ప్రముఖుల గురించి క్లాసులో పావుగంట మాట్లాడాలి. జోన్ ఆఫ్ ఆర్క్, నెపోలియన్, విక్టర్ హ్యూగో, పాశ్చర్, మేరీ క్యూరీ, మోనే ఇలా ఇరవై పేర్లు రాసుకుని, పుట్టిన సంవత్సరం, పోయిన సంవత్సరం, సాధించినవి బట్టీ పడుతోంది. టెన్షన్‌తో సరిగ్గా నిద్ర కూడా పోవట్లేదు. ఈ ఇరవైలో ఎవరిని ఉంచాలి, ఎవరిని తీసేయాలి అని మీ ప్రశ్న.

నేను హైదరాబాదులో ఇరవై ఎనిమిదేళ్ళు ఫ్రెంచ్ చెప్పాను. ఇలాంటి సెమినార్లు చాలా విన్నాను. ఒకసారి ఒక పిల్ల ఇరవై రెండు మంది గురించి ఒక్క తప్పు లేకుండా చెప్పింది. చప్పట్లు కొట్టాం. తర్వాత నేను క్లాసుని అడిగితే ఇద్దరి పేర్లు కూడా ఎవరికీ గుర్తులేవు. ఆ పిల్లకే వారం తర్వాత నలుగురు గుర్తున్నారు. కళ్ళనీళ్ళు పెట్టుకుంది. తప్పు ఆ పిల్లది కాదు, అలా రాసుకోమని చెప్పిన మాది. అప్పటినుంచి నేను జాబితా ఇవ్వడం మానేశాను.

కాబట్టి ఇరవై మందినీ పక్కన పెట్టించండి. ఒక్క బొమ్మ తీసుకోమనండి. అందులో ఎవరున్నారు, ఎవరు గీశారు, వాళ్ళకి ఎవరెవరు తెలుసు అని ఒక్కొక్కరినీ పట్టుకుని వెళ్తే చరిత్ర, కళ, సైన్సు మూడూ ఒకే కథలోకి వస్తాయి. ఎందుకంటే ఈ మనుషులు నిజంగానే ఒకే ఊళ్ళో, ఒకే కాలంలో, ఒకరింటికి ఒకరు వెళ్తూ, ఒకరి మీద ఒకరు కోపాలు పెట్టుకుంటూ బతికారు. జాబితాలోకి ఎక్కించగానే ఆ బంధుత్వం తెగిపోతుంది, అప్పుడు బట్టీ పట్టడం తప్ప వేరే దారి ఉండదు.

ఆ బొమ్మ న్యూయార్క్‌లో మెట్రొపాలిటన్ మ్యూజియంలో ఉంది. దాదాపు ఎనిమిదిన్నర అడుగుల ఎత్తు. 1788లో జాక్ లూయీ దావిద్ అనే చిత్రకారుడు పారిస్‌లో గీశాడు. నల్ల దుస్తుల్లో ఒకాయన కూర్చుని, చేతిలో ఈక కలంతో రాస్తూ రాస్తూ ఆగి తల పైకెత్తి భార్య వైపు చూస్తున్నాడు. ఆవిడ తెల్ల గౌనులో నిలబడి, ఆయన భుజం మీద చెయ్యి ఆన్చి, మనవైపు చూస్తోంది. బల్ల మీద ఎర్ర మఖమల్ గుడ్డ, దాని మీద గాజు పరికరాలు. కింద నేల మీద పెద్ద గాజు బుడ్డి. వెనక కుర్చీలో ఆవిడ గీసిన బొమ్మల అట్ట. ఆయన ఆంత్వాన్ లవ్వాజియే. మన తొమ్మిదో తరగతి పుస్తకంలో ద్రవ్యనిత్యత్వ నియమం దగ్గర లెవోయిజర్ అని చదువుకున్నామే, ఆయనే. ఆవిడ మరీ ఆన్.

ఇక్కడ మీ అమ్మాయి తప్పకుండా చెప్పాల్సిన సంగతి ఒకటుంది. 2021లో ఆ మ్యూజియం వాళ్ళు ఈ బొమ్మని ఎక్స్‌రే లాంటి పద్ధతులతో పరీక్షించి, రంగు కింద ఇంకో బొమ్మ ఉందని బయటపెట్టారు. మొదట దావిద్ గీసినప్పుడు ఆవిడ తల మీద రిబ్బన్లు, పూలు పెట్టిన పెద్ద ఫ్యాషన్ టోపీ ఉంది. సైన్సు పరికరాలు లేవు. అంటే మొదట గీసింది డబ్బున్న దంపతుల బొమ్మ. తర్వాత ఆ టోపీని చెరిపేసి, పరికరాలు చేర్చి, దాన్ని శాస్త్రవేత్తల జంటగా మార్చాడు.

రెండు బొమ్మలూ నిజమే. లవ్వాజియే రెండు బతుకులు బతికాడు. 1743లో పుట్టాడు, లా చదివాడు, పాతికేళ్ళకే సైన్స్ అకాడమీలో సభ్యుడయ్యాడు. అదే 1768లో ఇంకో పని కూడా చేశాడు. రాజుగారి తరఫున పన్నులు వసూలు చేసే సంస్థలో వాటా కొన్నాడు. మన దగ్గర పూర్వం నిజాం రాజ్యంలో శిస్తు వసూలుని ఇజారాకి ఇచ్చినట్టే, ఫ్రాన్స్‌లో ఉప్పు మీద, పొగాకు మీద, పారిస్‌లోకి వచ్చే సరుకుల మీద పన్నుల్ని కొందరు గుత్తకి తీసుకునేవాళ్ళు. రాజుకి ముందే ఇంత అని కట్టి, జనం దగ్గర వసూలు చేసుకునేవాళ్ళు. జనానికి వాళ్ళంటే ఎంత మంటో చెప్పనక్కర్లేదు. లవ్వాజియే ప్రయోగశాలకి ఖర్చంతా ఆ డబ్బే. మరీ ఆన్ కూడా అలాంటి గుత్తేదారు జాక్ పోల్జ్ కూతురు. 1771లో పెళ్ళయ్యేసరికి ఆవిడకి పదమూడేళ్ళు, ఆయనకి ఇరవై ఎనిమిది.

ఆ పదమూడేళ్ళ పిల్ల ఏం చేసిందో చూడండి. భర్తకి ఇంగ్లీషు రాదు. ఆ రోజుల్లో వాయువుల మీద గొప్ప పనంతా ఇంగ్లీషులో జరుగుతోంది. ఆవిడ ఇంగ్లీషు నేర్చుకుని వాటిని ఫ్రెంచ్‌లోకి అనువాదం చేసింది. ఐర్లండ్‌కి చెందిన కిర్వాన్ అనే రసాయనవేత్త పుస్తకాన్ని అనువదించి, దానిలో తప్పులు ఎక్కడున్నాయో కింద వ్యాఖ్యలు కూడా రాసింది. దావిద్ దగ్గరే బొమ్మలు గీయడం నేర్చుకుంది. 1789లో లవ్వాజియే తన రసాయనశాస్త్ర గ్రంథం వేసినప్పుడు అందులోని పదమూడు పలకల బొమ్మలు ఆవిడ గీసినవే. ఏ గొట్టం ఎక్కడ అతకాలో, ఏ పాత్ర ఎంత వెడల్పుండాలో ఆ బొమ్మలు చూసి వేరే దేశంలో ఇంకొకరు అదే ప్రయోగం చేసుకోగలిగేంత పక్కాగా ఉంటాయి. బొమ్మలో అట్ట ఆవిడ వెనక ఎందుకు ఉందో ఇప్పుడు అర్థమవుతుంది కదా.

లవ్వాజియే చేసిన అసలు పని ఒక్క వాక్యంలో చెప్పాలంటే, తూచాడు. అప్పటిదాకా ఏదైనా మండితే అందులోంచి ఫ్లోజిస్టాన్ అనే పదార్థం బయటికి పోతుందని నమ్మేవాళ్ళు. ఈయన గంధకాన్ని, భాస్వరాన్ని, తగరాన్ని తూచి, మండించి, మళ్ళీ తూచాడు. బరువు పెరిగింది. ఏదో పోతే బరువు తగ్గాలి కదా, పెరిగిందంటే గాలిలోంచి ఏదో వచ్చి చేరినట్టు. 1774లో ఇంగ్లండ్ నుంచి వచ్చిన ప్రీస్ట్లీ అనే రసాయనవేత్త తాను తయారుచేసిన కొత్త గాలి గురించి ఆయనకి చెప్పాడు. ఆ గాలి ఏమిటో ప్రీస్ట్లీకి చివరిదాకా ఫ్లోజిస్టాన్ భాషలోనే అర్థమైంది. అది ఒక మూలకమని, మండడానికీ ఊపిరికీ అదే కారణమని తేల్చి పేరు పెట్టింది లవ్వాజియే.

పేరు దగ్గర కొంచెంసేపు ఆగమనండి, క్లాసులో అందరూ తల ఎత్తేది ఇక్కడే. ఆమ్లాలన్నిటికీ మూలం ఇదేనని ఆయన అనుకుని, గ్రీకు మాటలతో ఆక్సిజన్ అన్నాడు, అంటే ఆమ్లాన్ని పుట్టించేది. మన పాత తెలుగు పుస్తకాల్లో ఆమ్లజని అన్నది అక్షరాలా అదే. హైడ్రోజన్ నీటిని పుట్టించేది, ఉదజని. ఆమ్లాల విషయంలో ఆయన పొరబడ్డాడు. హైడ్రోక్లోరిక్ ఆమ్లంలో ఆక్సిజనే లేదు. పొరపాటు తేలేసరికి పేరు స్థిరపడిపోయింది. ఆ పొరపాటే తెలుగులోకి కూడా నడిచి వచ్చింది. ఇంకోటి గమనించండి. మూడో వాయువుకి లవ్వాజియే అజోత్ అని పేరు పెట్టాడు, అంటే ప్రాణం నిలవనిది. ఫ్రెంచ్‌లో ఇప్పటికీ దాన్ని అజోత్ అనే అంటారు. మనం అనే నత్రజని మాత్రం 1790లో షప్తాల్ అనే ఇంకో ఫ్రెంచ్ రసాయనవేత్త పెట్టిన నైట్రోజన్ అన్న పేరుకి తెలుగు. అంటే మన ఆమ్లజని, ఉదజని, నత్రజని మూడింటి వెనకా పారిస్‌లో ఐదారేళ్ళపాటు పేర్ల గురించి తర్జనభర్జన పడ్డ కొందరు మనుషులున్నారు. 1787లో ఆ పేర్ల పద్ధతిని లవ్వాజియేతో కలిసి ఖరారు చేసినవాళ్ళలో బెర్తొలే ఒకడు. ఈ పేరు గుర్తుంచుకోండి, కాసేపట్లో ఈజిప్టులో మళ్ళీ కనిపిస్తాడు.

ఇప్పుడు బొమ్మ గీసిన దావిద్ వైపుకి రండి. 1789లో విప్లవం మొదలైంది. ఆ సంవత్సరం పెద్ద చిత్రప్రదర్శనలో ఈ బొమ్మ పెట్టలేదు. లవ్వాజియే తుపాకిమందు కర్మాగారాల వ్యవహారం చూసేవాడు, ఆ ఆగస్టులో మందుగుండుని ఎక్కడికో తరలిస్తున్నారన్న అనుమానంతో జనం ఆయన మీదికి వచ్చారు. అలాంటప్పుడు ఆయన నిలువెత్తు బొమ్మ ప్రదర్శనలో పెట్టడం మంచిది కాదనుకున్నారు. దావిద్ మాత్రం విప్లవంలోకి పూర్తిగా దిగిపోయాడు. 1793 జనవరిలో రాజుకి మరణశిక్ష వేయాలని ఓటు వేసినవాళ్ళలో ఆయన ఉన్నాడు.

మరా అనే పత్రికాసంపాదకుడు కూడా ఈ కథలోకి ఇక్కడే వస్తాడు. ఆయన మొదట వైద్యుడు, శాస్త్రవేత్తగా పేరు తెచ్చుకోవాలని చాలా ఆశపడ్డాడు. 1780లో నిప్పు గురించి తన సిద్ధాంతాన్ని అకాడమీ ముందు పెట్టుకున్నాడు. దాన్ని అకాడమీ ఆమోదించిందన్న మాట నిజం కాదని లవ్వాజియే తేల్చి చెప్పాడు. పదకొండేళ్ళ తర్వాత మరా తన పత్రికలో లవ్వాజియే మీద నిప్పులు కురిపించాడు. దొంగ శాస్త్రవేత్త అన్నాడు, గుత్తేదారు అన్నాడు, పారిస్ చుట్టూ గోడ కట్టించి ఊరికి గాలి ఆడకుండా చేశాడన్నాడు. గోడ మాట నిజమే. సరుకులు పన్ను కట్టకుండా లోపలికి రాకూడదని దాదాపు 24 కిలోమీటర్ల గోడ కట్టారు, ఆ ఆలోచన లవ్వాజియేదే. 1789లో బాస్టీల్ జైలు కోట జనం చేతికి చిక్కడానికి ఒకటి రెండు రోజుల ముందే జనం ఆ గోడ ద్వారాల దగ్గరున్న పన్ను నాకాల్ని తగలబెట్టారు. శాస్త్రవేత్తగా ఆయన మీద నాకెంత గౌరవమున్నా, ఆ జనం కోపాన్ని తప్పు అనలేను. రొట్టె కొనుక్కోలేనివాడికి ఆ గోడ కనిపించేది, ఆక్సిజన్ కనిపించేది కాదు. మీ అమ్మాయి ఈ రెండు వైపులూ చెప్పాలి. ఆయన్ని దేవుణ్ణి చేస్తే కథ చచ్చిపోతుంది.

1793 జులై 13న స్నానపు తొట్టిలో కూర్చుని పనిచేసుకుంటున్న మరాని షార్లొత్ కొర్దే అనే యువతి పొడిచి చంపింది. ఆయన శవాన్ని దావిద్ చిత్రించాడు. తొట్టిలోంచి వేలాడుతున్న చెయ్యి, చేతిలో కలం, ఇంకో చేతిలో ఉత్తరం. ఇప్పుడది బ్రస్సెల్స్‌లో ఉంది. ఫ్రెంచ్ కళ గురించి ఎక్కడ చదివినా ఈ బొమ్మ కనిపిస్తుంది. ఈ రెండు బొమ్మల్నీ పక్కపక్కన పెట్టి చూపించమనండి. ఐదేళ్ళ తేడా. రెండింట్లోనూ చేతిలో ఈక కలం పట్టుకున్న మనిషి. గీసినవాడు ఒకడే, బొమ్మల్లో ఉన్నవాళ్ళు ఇద్దరూ శత్రువులు. ఒకరు చంపబడ్డారు, ఇంకొకరు త్వరలో చంపబడతారు. ఫ్రెంచ్ విప్లవం మీద ఎన్ని పేజీలు చదివినా ఈ రెండు బొమ్మలంత సూటిగా నాకు ఏదీ అర్థం చేయించలేదు.

1793 నవంబరులో గుత్తేదార్లందర్నీ అరెస్టు చేశారు. 1794 మే 8న పొద్దున విచారణ, ఆ సాయంత్రమే శిక్ష. మొత్తం ఇరవై ఎనిమిది మంది. వరుసలో మామ జాక్ పోల్జ్, ఆ వెంటనే లవ్వాజియే. మరీ ఆన్ ఒకే రోజున తండ్రినీ భర్తనీ పోగొట్టుకుంది. ఆయనకి యాభై ఏళ్ళు.

ఇక్కడ రెండు హెచ్చరికలు. రిపబ్లిక్కుకి శాస్త్రవేత్తలతో పని లేదని జడ్జి అన్నాడని చాలాచోట్ల కనిపిస్తుంది. చరిత్రకారులు దాన్ని తర్వాత పుట్టిన కథగానే చూస్తారు. అలాగే తల తెగాక ఎన్నిసార్లు కళ్ళు ఆర్పుతాడో లెక్కపెట్టమని శిష్యుడికి చెప్పాడన్న కథ వాట్సాప్‌లో తెగ తిరుగుతుంది. ఆ కాలంవాళ్ళెవరూ అలాంటిది రాయలేదు. ఈ రెండూ సెమినార్‌లో పెట్టొద్దు. పెట్టాల్సిన మాట ఇంకోటుంది. గణితవేత్త లగ్రాంజ్ ఆ మర్నాడు తన మిత్రుడు దలాంబ్ర్‌తో, ఆ తలని పడగొట్టడానికి వాళ్ళకి ఒక్క క్షణం పట్టింది, అలాంటిది ఇంకోటి రావడానికి వందేళ్ళు కూడా చాలకపోవచ్చు అన్నాడు. దీన్ని రాసి ఉంచింది దలాంబ్రే.

ఈ దలాంబ్ర్ ఎవరు? మీరు కూరగాయలు కిలోల్లో, గుడ్డ మీటర్లలో కొంటున్నారంటే ఆ మనిషి నడిచిన నడకే కారణం. ఫ్రాన్స్‌లో ఊరికో కొలత ఉండేది. ప్రపంచమంతటికీ ఒకే కొలత కావాలని, అది ఏ రాజు చెయ్యో కాలో కాకుండా భూమి నుంచే తీసుకోవాలని అకాడమీ నిర్ణయించింది. ఉత్తర ధ్రువం నుంచి భూమధ్యరేఖ దాకా ఉన్న దూరంలో కోటో వంతు ఒక మీటరు. ఆ పనిని చూసిన సంఘంలో లవ్వాజియే ఉన్నాడు, లగ్రాంజ్ ఉన్నాడు. కొలవడానికి దలాంబ్ర్ ఉత్తరాన డంకర్క్ వైపు, మెషేఁ అనే ఆయన దక్షిణాన బార్సిలోనా వైపు 1792లో బయలుదేరారు. ఏడాదిలో అయిపోతుందనుకున్న పని 1798 దాకా సాగింది. మధ్యలో విప్లవం, యుద్ధం. చర్చి గోపురాలెక్కి దుర్భిణులు పెట్టి చూస్తుంటే గూఢచారులనుకుని జనం పట్టుకునేవాళ్ళు. 1799లో ప్లాటినంతో చేసిన మీటరు కడ్డీని పారిస్‌లో భద్రపరిచారు. మన దేశంలో దీనికి చట్టం 1956లో వచ్చింది. వీశెలూ మణుగులూ బజారులోంచి పోయింది ఆ తర్వాతే. మా అమ్మమ్మ మాత్రం పోయేదాకా బియ్యం సోలతోనే కొలిచింది.

లగ్రాంజ్‌ని వదలకుండా ఇంకో అడుగు వేస్తే సోఫీ జెర్మేఁ వస్తుంది. మీ ఇరవై పేర్ల జాబితాలో ఈమె లేదు. నా మాట విని చేర్చండి. పారిస్‌లో 1776లో పుట్టింది. పదమూడో ఏట బయట విప్లవం, ఇంట్లోంచి కదలనివ్వరు. నాన్నగారి పుస్తకాల్లో గణితచరిత్ర ఒకటి దొరికింది. అందులో ఆర్కిమిడీస్ లెక్కలో మునిగిపోయి, ఎదురుగా సైనికుడున్నా పట్టించుకోకుండా చనిపోయాడన్న కథ చదివింది. మనిషిని అంతగా పట్టేసే విద్య అయితే నేనూ నేర్చుకుంటానని పట్టుబట్టింది. ఆడపిల్లకి లెక్కలెందుకని రాత్రుళ్ళు ఆమె గదిలో నిప్పు, దీపం, వెచ్చటి బట్టలు తీసేసేవాళ్ళు. దుప్పటి కప్పుకుని, దాచుకున్న కొవ్వొత్తుల వెలుగులో చదివింది. చివరికి ఇంట్లోవాళ్ళే తగ్గారు.

1794లో పారిస్‌లో ఎకోల్ పొలితెక్నీక్ అనే ఇంజనీరింగ్ కళాశాల పెట్టారు. ఆడవాళ్ళకి ప్రవేశం లేదు. ఆమె లెక్చర్ నోట్సు సంపాదించి, మొస్యూ లబ్లాన్ అనే మగ విద్యార్థి పేరుతో లగ్రాంజ్‌కి జవాబులు పంపింది. అంత బాగా రాసిన కుర్రాణ్ణి చూడాలని లగ్రాంజ్ ఆరా తీస్తే అసలు సంగతి బయటపడింది. ఆయన మొహం ముడుచుకోలేదు, ప్రోత్సహించాడు. తర్వాత అదే పేరుతో జర్మనీలో గౌస్ అనే గొప్ప గణితవేత్తకి ఉత్తరాలు రాసింది. ఫ్రెంచ్ సేనలు గౌస్ ఉన్న ఊరిని ఆక్రమించినప్పుడు ఆర్కిమిడీస్‌కి పట్టిన గతి ఈయనకి పట్టకూడదని, తన కుటుంబానికి తెలిసిన సేనాపతి పెర్నెతీని బతిమాలి గౌస్ క్షేమం కనుక్కోమంది. సేనాపతి మనిషి వెళ్ళి ఫలానా కుమారి పంపిందంటే గౌస్‌కి అర్థం కాలేదు. 1807లో ఆమె నిజం రాసింది. గౌస్ ఇచ్చిన జవాబులో ఆమె ధైర్యానికి, మేధకి ఎంతో మెచ్చుకోలు ఉంది. తర్వాత లోహపు పలకలు కంపించే తీరుని లెక్కల్లో పెట్టడం మీద అకాడమీ బహుమతికి మూడుసార్లు ప్రయత్నించి, 1816లో గెలిచింది. 1889లో ఈఫిల్ టవర్ మీద డెబ్బై ఇద్దరు శాస్త్రవేత్తల, ఇంజనీర్ల పేర్లు చెక్కారు. లవ్వాజియే, లగ్రాంజ్, దలాంబ్ర్, షప్తాల్ అందరూ ఉన్నారు. ఆమె లేదు. ఆ డెబ్బై రెండులో ఒక్క స్త్రీ పేరూ లేదు. ఈ విషయం క్లాసులో చెప్పేటప్పుడు మీ అమ్మాయి గొంతు తగ్గించక్కర్లేదు.

సోఫీ జెర్మేఁని అకాడమీ సమావేశాల్లో కూర్చోనిచ్చిన మిత్రుడు గణితవేత్త ఫూరియే. ఇంజనీరింగ్ చదివే పిల్లలున్న ఏ ఇంట్లో అయినా ఫూరియర్ సిరీస్ అన్న మాట వినే ఉంటారు. దర్జీ కొడుకు, చిన్నప్పుడే తల్లీతండ్రీ పోయారు. 1794 వేసవిలో ఈయన్నీ అరెస్టు చేశారు. జులై చివర్లో, ఆ మరణశిక్షల వెనకున్న విప్లవ నాయకుడు రొబెస్పియర్ పడిపోవడంతో బయటపడ్డాడు. లవ్వాజియే తల తెగింది అంతకు మూడు నెలలు కూడా ముందు కాదు. ఆ కొన్ని వారాల తేడా నన్ను ఎప్పుడూ కలవరపెడుతుంది.

1798లో నెపోలియన్ ఈజిప్టు మీదికి వెళ్తూ నూటయాభైకి పైగా పండితుల్ని, ఇంజనీర్లని, చిత్రకారుల్ని ఓడల్లో ఎక్కించుకున్నాడు. వాళ్ళని ఎంపిక చేసినవాళ్ళలో మన బెర్తొలే ఉన్నాడు. ఫూరియే కైరోలో పెట్టిన విద్యాసంస్థకి కార్యదర్శి. నెపోలియన్ని మీ అమ్మాయి ఇలా తీసుకురావాలి, యుద్ధాల పట్టిక అక్కర్లేదు. 1799లో రషీద్ అనే ఊరి దగ్గర కోట మరమ్మతు చేస్తుంటే ఫ్రెంచ్ సైనికులకి నల్లటి రాతిపలక దొరికింది. ఒకే ఆజ్ఞ మూడు లిపుల్లో. పైన బొమ్మల లిపి, మధ్యలో ఈజిప్టువాళ్ళ వాడుక లిపి, కింద గ్రీకు. రోసెట్టా రాయి అంటే ఇదే. ఫ్రెంచ్‌వాళ్ళు ఓడిపోయాక ఇంగ్లీషువాళ్ళు తీసుకుపోయారు, రాయి ఇప్పటికీ లండన్‌లోనే ఉంది. దాన్ని చదివినవాడు మాత్రం ఫ్రాన్స్‌లో ఒక పుస్తకాల కొట్టువాడి కొడుకు.

ఈజిప్టు నుంచి తిరిగొచ్చిన ఫూరియేని నెపోలియన్ గ్రెనోబుల్‌లో మన కలెక్టరు లాంటి పదవిలో వేశాడు. ఆ ఊళ్ళోనే అన్నయ్య దగ్గరుండి చదువుకుంటున్నాడు షాంపోలియోఁ. ఫూరియే ఇంట్లో ఈజిప్టు వస్తువులు చూసి ఆ పిల్లవాడికి ఆ పిచ్చి పట్టిందని చెబుతారు. తర్వాత అతన్ని సైన్యంలోకి లాక్కుపోకుండా కాపాడింది కూడా ఫూరియేనే. షాంపోలియోఁ చేసిన తెలివైన పని కాప్టిక్ నేర్చుకోవడం. ఈజిప్టు క్రైస్తవులు ప్రార్థనల్లో వాడే ఆ భాష పాత ఈజిప్షియన్‌కి మనవరాలు. బొమ్మల లిపిలో ప్రతి బొమ్మా ఒక భావమని అందరూ అనుకునేవారు. గుండ్రటి గీత లోపల రాసిన టాలమీ, క్లియోపాత్ర లాంటి గ్రీకు పేర్లలో బొమ్మలు అక్షరాల్లా పలుకుతున్నాయని తేలింది. ఇంగ్లండ్‌లో థామస్ యంగ్ ఆ దారిలో కొంత నడిచాడు కూడా. కానీ విదేశీ పేర్లకే అలా రాస్తారేమో అన్న సందేహం మిగిలింది. 1822 సెప్టెంబరులో షాంపోలియోఁ ముందుకి గ్రీకులకన్నా ఎంతో పాత పేరు ఒకటి వచ్చింది. మొదట సూర్యుడి బొమ్మ. కాప్టిక్‌లో సూర్యుణ్ణి రే అంటారు. చివర తనకి తెలిసిన స శబ్దం రెండుసార్లు. మధ్యలో మ. రామ్సెస్! పరుగెత్తుకుంటూ అన్నయ్య ఆఫీసుకి వెళ్ళి, దొరికిందని అరిచి స్పృహ తప్పి పడిపోయాడట. నెలాఖరుకి దాసియే అనే పండితుడికి రాసిన లేఖగా తన ఫలితాన్ని ప్రకటించాడు. మన బ్రాహ్మీ లిపిని ప్రిన్సెప్ చదివింది 1837లో, దీనికి పదిహేనేళ్ళ తర్వాత. షాంపోలియోఁ అప్పటికే లేడు. నలభై ఒకటో ఏట, 1832లో పోయాడు.

ఇక్కడికి పావుగంట అయిపోతుంది. మేరీ క్యూరీని వదిలేయడానికి మనసొప్పకపోతే సోఫీ జెర్మేఁ దగ్గర రెండు వాక్యాలు చేర్చండి. వార్సాలో పుట్టిన ఆవిడకి ఒక నోబెల్ అప్పటికే ఉన్నా 1911లో అకాడమీ కొద్ది ఓట్ల తేడాతో తలుపు మూసింది, అదే సంవత్సరం రెండో నోబెల్ వచ్చింది. ఆ అకాడమీ ఒక స్త్రీని పూర్తి సభ్యురాలిగా తీసుకున్నది 1979లో. అన్నట్టు లగ్రాంజ్ పుట్టింది కూడా ఇటలీలోని టురిన్‌లో. ఫ్రెంచ్ ప్రముఖులంటే ఫ్రాన్స్‌లో పుట్టినవాళ్ళే కానక్కర్లేదని ఎవరైనా అడిగితే చెప్పడానికి ఇది చాలు. హ్యూగో, మోనే, జోన్ ఆఫ్ ఆర్క్ వీళ్ళెవరూ తక్కువవాళ్ళు కారు, ఒక్కొక్కరికి వేరే పావుగంట కావాలి.

ఉచ్చారణ గురించి ఒక్కటి చెప్తాను. ఫ్రెంచ్‌లో ముక్కుతో పలికే అచ్చులు పిల్లల్ని బాగా ఇబ్బంది పెడతాయి. మనం రాయడం మానేసిన అరసున్న దీనికి బాగా పనికొస్తుంది. జెర్మేఁ, షాంపోలియోఁ అని అరసున్నతో రాసుకుని, చివర న గానీ మ గానీ పూర్తిగా పలకకుండా ముక్కులోంచి వదలమనండి. లవ్వాజియేలో చివరి ర పలకదు, ఫూరియేలో కూడా అంతే.

మొదలుపెట్టేటప్పుడు ఎవరి పేరూ చెప్పొద్దనండి. బొమ్మని తెర మీద పెట్టి, ఈ ఇద్దరూ ఏం పని చేస్తుంటారో చెప్పండి అని క్లాసుని అడిగి అర నిమిషం ఆగమనండి. ఎవరో ఒకరు జవాబిస్తారు. అప్పుడు ఆ రంగు కింద ఉన్న టోపీ గురించి చెప్పమనండి. రాసుకున్నది ఇక్కడ పెడితే చదివి, ఉచ్చారణ ఎక్కడ సరిచేసుకోవాలో చెప్తాను.